సంగం షాట్



నాది నందికొండ. నాగార్జునసాగర్ అంటే అందరూ వెంటనే పోల్చుకుంటారు, నందికొండ అంటే ఒక్క క్షణం ఆగుతారు. డ్యాం రాకముందు ఇక్కడి ఊరి పేరు నందికొండ. ఇప్పుడు మా మునిసిపాలిటీ పేరు కూడా అదే.

కృష్ణకు వరదొచ్చి గేట్లు ఎత్తినప్పుడల్లా మా ఊరు టీవీల్లోకి ఎక్కుతుంది. ఇరవై ఆరు గేట్లు, తెల్లటి నురగ, ఆ పైన గద్దలా తిరిగే డ్రోన్. ఏ చానల్ తిప్పినా అదే బొమ్మ. ఒకసారి మా పక్కింటి పిల్లవాడు టీవీకి ముక్కు ఆనించి చాలాసేపు వెతికి, “మనమెక్కడున్నం?” అని అడిగాడు. ఆ రోజు వాళ్ళ నాయన బ్రిడ్జి పక్కన వేయించిన చేపలు అమ్ముతున్నాడు. ఆయన ఆ బొమ్మలోనే ఎక్కడో ఉన్నాడు. అంత ఎత్తు నుంచి చూస్తే మనిషికీ మొలకకూ తేడా తెలియదు కదా.

ఆ బొమ్మకు పేరేమిటని ఫిల్మ్ స్కూల్లో అడిగితే టాప్ యాంగిల్ అంటారు. జహీరాబాద్ పక్కన పస్తాపూర్‌లో కెమెరా పట్టిన ఆడవాళ్ళను అడిగితే “పటేల్ షాట్” అంటారు. ఈ రోజు నేను చెప్పదలచుకున్నది ఆ పేరు గురించి, ఆ పేరు పెట్టినవాళ్ళ గురించి. బొమ్మల సంగతి రేడియోలో చెప్పడమంటే కూర రుచి ఫోన్లో చెప్పినట్టే ఉంటుంది. అయినా ప్రయత్నిస్తాను. వాళ్ళకూ ఒక రేడియో ఉంది, ఆ ముచ్చట తర్వాత వస్తుంది.

వీడియో అనేది లాటిన్ మాట. “నేను చూస్తున్నాను” అని దాని అర్థం. ఒక్క మాటలోనే చూపూ ఉంది, చూసే మనిషీ ఉన్నాడు. మనం మాత్రం చూపు సంగతే మాట్లాడుకుంటాం. రంగు బాగుందా, బొమ్మ స్పష్టంగా ఉందా అని అడుగుతాం. చూసేదెవరు అని అడగం. ప్రపంచంలో వీడియోను కళగా మలిచిన తొలితరం వాళ్ళంతా తమ తమ తీరులో తవ్విన ప్రశ్న అదే.

ఆ తరంలో మొదట చెప్పుకునే పేరు నామ్ జూన్ పైక్. 1932లో సియోల్‌లో పుట్టిన కొరియా మనిషి. సంగీతం చదువుకోవడానికి జర్మనీ వెళ్ళి, 1963లో వుప్పర్టాల్ అనే ఊళ్ళో పాత టీవీ సెట్లను లోపల కెలికి, బొమ్మలు వంకరపోయేలా చేసి ప్రదర్శన పెట్టాడు. తర్వాత న్యూయార్క్ చేరాడు. టీవీ మీద పెద్ద అయస్కాంతం పెట్టి, లోపలి బొమ్మను ముగ్గులా మెలితిప్పాడు. ఆయన చేసినవాటిలో నాకు ఎప్పుడూ గుర్తుండేది 1974 నాటి ‘టీవీ బుద్ధ’. ఒక పాత బుద్ధ విగ్రహం. దాని ఎదురుగా టీవీ. టీవీ వెనక నుంచి ఒక కెమెరా బుద్ధుణ్ణే తీస్తూ ఉంటుంది. ఆ బొమ్మ అప్పటికప్పుడు టీవీలో పడుతుంది. బుద్ధుడు కూర్చుని తన్ను తాను చూసుకుంటూ ఉంటాడు. అంతే. కథ లేదు, పాట లేదు, అయిపోవడమూ లేదు.

నందికొండ వాడికి ఇది వింటే నవ్వూ వస్తుంది, ఒళ్ళూ జలదరిస్తుంది. మా జలాశయం నడిమధ్య దీవి మీద మ్యూజియంలో ఉన్నదీ బుద్ధుడే కదా. అడుగున మునిగిన లోయలో ఇక్ష్వాకుల విజయపురి ఉండేది. 1927 నుంచి లాంగ్‌హర్స్ట్ అనే పురావస్తు అధికారి కొంత తవ్వాడు. డ్యాం కట్టడం ఖాయమయ్యాక, 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో గబగబా తవ్వి, దొరికినవి పైకి చేర్చారు. ఆ శిల్పాల్లో నాకు ఇష్టమైన సంగతి ఒకటుంది. పొడుగాటి రాతి పట్టీ మీద బుద్ధుడి కథ వరసగా చెక్కుతారు. ఒక ఘట్టానికీ ఇంకో ఘట్టానికీ మధ్య చిన్న గడిలో ఒక ఆలుమగల జంటను నిలబెడతారు. కథకూ ఆ జంటకూ సంబంధం లేదు. ఆ గడి దాటితే బొమ్మ మారిందని గుర్తు. మూడో శతాబ్దపు కట్ పాయింట్ అన్నమాట. ఎడిటింగ్ నేర్చుకునే పిల్లలు లాంచీ టికెట్ కొనుక్కుని ఒకసారి వచ్చి చూడాలి.

పైక్ బుద్ధుణ్ణి టీవీ ముందు కూర్చోబెట్టిన మరుసటి ఏడాది మన పాలమూరు రైతు కూడా టీవీ ముందు కూర్చున్నాడు. 1975 ఆగస్టు 1 నుంచి 1976 జూలై 31 దాకా, సరిగ్గా ఏడాది పాటు సాగిన ప్రయోగం అది. సైట్ అని పిలిచేవారు. అమెరికా వాళ్ళ ఏటీఎస్-6 ఉపగ్రహాన్ని అరువు తీసుకుని, ఆరు రాష్ట్రాల్లో దాదాపు 2,400 పల్లెలకు నేరుగా టీవీ చూపించారు. మన దగ్గర మహబూబ్‌నగర్, మెదక్ పల్లెలు కూడా అందులో ఉన్నాయి. కోళ్ళ దడికి వాడే జాలీతో పదడుగుల గొడుగు చేసి బడి పక్కనో పంచాయతీ దగ్గరో నిలబెట్టారు. అన్ని భాషలూ కలిపి పొద్దున గంటన్నర బడిపిల్లలకు, సాయంత్రం రెండున్నర గంటలు పెద్దలకు. హైదరాబాద్‌లో దూరదర్శన్ కేంద్రం ప్రసారాలు మొదలైంది 1977లో. అంటే పట్నంవాళ్ళకంటే ముందు పల్లెవాళ్ళు టీవీ చూశారు. ఇలా మనం ముందున్న సందర్భాలు ఎక్కువ లేవు కాబట్టి దీన్ని కాస్త గట్టిగానే చెప్పుకోవచ్చు.

చూపించింది ఏమిటంటే వ్యవసాయం, ఆరోగ్యం, చిన్న కుటుంబం. ఉద్దేశం మంచిదే. కానీ మాట పైనుంచి కిందికే వచ్చేది. తెలిసినవాడు స్టూడియోలో ఉంటాడు, తెలియనివాడు చాప మీద కూర్చుంటాడు. చాప మీద కూర్చున్నవాడికి తిరిగి మాట్లాడే వీలు ఆ పెట్టెలో లేదు.

ఆ కార్యక్రమాలు తయారుచేసిన వాళ్ళలో పి.వి. సతీశ్ ఒకడు. మైసూరు మనిషి. టీవీ నిర్మాతగా పల్లెల కార్యక్రమాలు చేస్తూ మన ప్రాంతానికి దగ్గరయ్యాడు. 1983లో కొందరు మిత్రులతో కలిసి పస్తాపూర్ కేంద్రంగా డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మొదలుపెట్టాడు. సన్నకారు, దళిత ఆడవాళ్ళు ఊరూరా సంగాలుగా చేరారు. అలా దాదాపు 75 ఊళ్ళు. పడావు పడ్డ ఎర్రనేలల్లో జొన్న, కొర్ర, సామ, కంది, అనుములు కలిపి వేశారు. తమ విత్తనం తామే దాచుకున్నారు, తమ గింజలు తామే కూడబెట్టుకున్నారు. దీని గురించి చాలామంది రాశారు, మిల్లెట్ అనే మాట ఫ్యాషనయ్యాక మరీ ఎక్కువగా రాశారు. అందుకని ఆ భాగం ఇంతటితో వదిలేస్తాను.

నాకు ముఖ్యమైంది 1990ల చివర్లో జరిగింది. సతీశ్ ఆ ఆడవాళ్ళ చేతికి వీడియో కెమెరా ఇచ్చాడు. అక్షరం రానివాళ్ళకు! ఆయన వాదన ఇదీ. వీళ్ళ తెలివంతా నోట్లో ఉంది, చేతిలో ఉంది. ఏ విత్తనం ఏ నేలకో, ఏ కార్తెలో ఏం చల్లాలో నోటితో చెప్పగలరు, చేసి చూపించగలరు. రాసి ఇవ్వమంటేనే ఆగిపోతారు. రాతను అడ్డంగా నిలబెట్టి వీళ్ళకేమీ తెలియదని లోకం తేల్చేసింది. కెమెరాకు ఓనమాలు అక్కర్లేదు కదా, ఆ అడ్డం తీసేద్దాం అన్నాడు. పొద్దంతా చేలో పనిచేసిన చేతులు టేపు ఎక్కించడం, వెలుగు చూసుకోవడం, మైకు కట్టడం, తీసినదాన్ని కత్తిరించి అతికించడం నేర్చుకున్నాయి. 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ అని సొంత సంస్థ పెట్టుకున్నారు. హుమ్నాపూర్ లక్ష్మమ్మ, చిన్న నర్సమ్మ లాంటి వాళ్ళ పేర్లు అక్కడి నుంచే బయటికి వచ్చాయి.

నేర్చుకునేటప్పుడు ఎదురైన మొదటి చిక్కు కెమెరా ఎంత ఎత్తులో పెట్టాలన్నది. పుస్తకంలో మూడు రకాలున్నాయి. కింద నుంచి పైకి, పై నుంచి కిందికి, కంటికి ఎదురుగా. మూడింటికీ ఇంగ్లీషు పేర్లు. ఆ పేర్లు వీళ్ళ నోట నిలవలేదు. అప్పుడు ఆ చూపులు తమ బతుకులో ఎక్కడున్నాయో వెతుక్కున్నారు. పై నుంచి కిందికి చూసేదెవరు? అరుగు మీద కూర్చునే పటేల్. కింద కూలోళ్ళు నిలబడతారు, ఆయన చూపు వాళ్ళ తలల మీదికి దిగుతుంది. కాబట్టి అది పటేల్ షాట్. మరి కింద నుంచి పైకి చూసేదెవరు? ఆయన ముందు నేలమీద చేతులు కట్టుకున్నవాడు. దానికి బానిస చూపు అనే అర్థం వచ్చేలా పేరు పెట్టారు. ఇక మూడోది. రాత్రి పూట సంగంలో అందరూ నేలమీదే కూర్చుంటారు. కుర్చీ లేదు, అరుగు లేదు. ఒకరి కళ్ళు ఒకరికి సమంగా ఉంటాయి. అది సంగం షాట్.

మేం పెట్టేది సంగం షాటే అన్నారు.

సినిమా వ్యాకరణం మీద ప్రపంచంలో బోలెడు గ్రంథాలున్నాయి. కెమెరా ఎత్తులో పెత్తనం దాగి ఉంటుందని పెద్దపెద్ద పండితులు వందల పేజీలు రాశారు. పేరు పెట్టడంలోనే ఆ సంగతంతా ఇమిడ్చిన మాట మాత్రం నాకు ఇంకెక్కడా కనబడలేదు. దీన్ని తెలుగువాళ్ళు సినిమా కళకు ఇచ్చిన కానుకల్లో ఒకటిగా లెక్కించాలని నా అభిప్రాయం. మన సినిమా పరిశ్రమ అలా లెక్కిస్తుందన్న ఆశ నాకు లేదు. అక్కడ సుమో తలుపు తెరుచుకోగానే ముందు బూటు కనపడాలి, తర్వాత మోకాలు, తర్వాత గాలికి ఎగిరే చొక్కా. కెమెరా నేలమీద పొర్లుతూ పైకి చూస్తుంది, హాల్లో మనమూ చూస్తాం. మన హీరోల సినిమాల్లో సగం రీళ్ళు పస్తాపూర్ లెక్కలో బానిస షాట్లే. మరి ఈలలు వేసింది కూడా మనమే.

ఇక్కడ ఒక పక్కదారి పట్టనివ్వండి. సంగం అన్న మాట ఎక్కడిది? బౌద్ధులకు శరణాలు మూడు, అందులో మూడోది సంఘం. మా నాగార్జునకొండ శాసనాల్లో ఆ సంఘాల పేర్లు వరసగా దొరుకుతాయి. అపరమహావినసేలియులు, బహుశ్రుతీయులు, మహీశాసకులు. వాళ్ళకు విహారాలు కట్టించిన దాతల్లో ఇక్ష్వాకు రాణులు, రాచకుటుంబపు ఆడవాళ్ళు ఎక్కువ. పదిహేడు వందల ఏళ్ళ తర్వాత అదే మాట పస్తాపూర్ చుట్టుపక్కల పల్లెల్లో ఒత్తు పోగొట్టుకుని, కూలి ఆడవాళ్ళ నోట సంగం అయింది. పైక్ బుద్ధుణ్ణి కూర్చోబెట్టి కంటికి కన్ను ఎదురుగా పెట్టాడు చూశారా, అది కూడా సంగం షాటే. ఆయనకు ఈ పేరు తెలిసే అవకాశం లేదనుకోండి.

ఇంతకీ వీళ్ళు ఏం తీశారు? విత్తనాల గురించి తీశారు. మందు మొక్కల గురించి తీశారు. ఏటా ఎడ్లబండ్ల మీద ఊరూరా తిరిగే పాత పంటల జాతర తీశారు. వాటిలో కొన్ని చూస్తే ప్రచారం పాలు ఎక్కువైందనే అనిపిస్తుంది. అందరూ ఒకే మాట చెప్తారు, ఎదురు మాట వినపడదు. కళ అన్నాక ఒక అనుమానం ఉండాలి. అది లేని చోట నాకు కొంచెం విసుగు వచ్చింది.

కానీ వరంగల్ పత్తి మీద తీసిన సినిమా వేరు. 2002 మార్చిలో మన దేశంలో జన్యుమార్పిడి చేసిన బీటీ పత్తికి అనుమతి వచ్చింది. ఆ వానాకాలం వరంగల్ రైతులు కొందరు ఆ విత్తనం వేశారు. పస్తాపూర్ ఆడవాళ్ళు కెమెరా పట్టుకుని వాళ్ళ చేలల్లోకి వెళ్ళారు. ఒక్కసారి వెళ్ళి మైకు పెట్టి వచ్చేయలేదు. విత్తిన నాటి నుంచి పత్తి తీసే దాకా, మళ్ళీ మళ్ళీ అదే రైతుల దగ్గరికే వెళ్ళారు. మొదట్లో రైతు ముఖంలో ఆశ ఉంటుంది. విత్తనం పొట్లం చూపిస్తాడు. మధ్యలో మాట తగ్గుతుంది. చివరికి కోపం. వరంగల్ రైతులకు బీటీ పత్తి మీద కోపమెందుకని ఆ సినిమాకు పేరే పెట్టారు.

ఆ మార్పు నెమ్మదిగా కనబడటమే ఆ సినిమా బలం. వార్తల వాళ్ళు పంట పోయాక వస్తారు, ఏడుపు తీసుకుని పోతారు. ఆ ఏడుపుకు ముందు ఆరు నెలల బతుకు ఉందని వాళ్ళ బొమ్మలో తెలియదు. వీళ్ళు ఆ ఆరు నెలలూ తీశారు. తీసేది సాటి రైతు. పక్కన గట్టు మీద కూర్చుని, ఎకరానికి ఎంత పెట్టావు, ఎన్ని కాయలు నిలబడ్డాయి అని పనివాళ్ళ లెక్కలోనే అడుగుతుంది. అలా అడిగినామెకు అబద్ధం చెప్పడం కష్టం. ఆ సినిమా ఫ్రెంచి, జర్మన్, స్పానిష్ లాంటి భాషల్లోకి వెళ్ళింది, ఎన్నో దేశాల్లో ఆడింది. మూడేళ్ళ అనుభవాన్ని కూర్చి తర్వాత ఇంకోటి కూడా తీశారు.

2005లో కేంద్ర ప్రభుత్వపు జన్యు ఇంజనీరింగ్ అనుమతుల కమిటీ మెక్-12, మెక్-162, మెక్-184 అనే మూడు బీటీ రకాలను ఆంధ్రప్రదేశ్‌లో అమ్మకుండా ఆపింది. సినిమా వల్లే ఆగాయని నేననను. ఆ కోపం అప్పటికే చేలల్లో ఉంది. తర్వాత వేరే బీటీ రకాలు వచ్చాయి, ఇప్పుడు మా నల్లగొండలో ఏ దిక్కు చూసినా పత్తే, అందులో బీటీ లేని చేను వెతికినా దొరకదు. పోరాటంగా చూస్తే వాళ్ళు గెలవలేదు. ఆ వానాకాలం ఆ రైతుల ముఖాలు ఎలా మారాయో ఇవాళ చూడాలంటే మాత్రం ఆ టేపులే దిక్కు.

రేడియో సంగతి చెప్తానన్నాను కదా. కెమెరాతో పాటే వీళ్ళు శబ్దం కూడా నేర్చుకున్నారు. లైసెన్సు రాక చాలా ఏళ్ళు ఊరికే రికార్డు చేసి, ఆ క్యాసెట్లను సంగం కూటాల్లో వినిపించుకునేవాళ్ళు. 2008 అక్టోబర్ 15న మాచునూరులో సంగం రేడియో గాలిలోకి వచ్చింది. జనరల్ నర్సమ్మ, ఆల్గోల్ నర్సమ్మ నడిపించారు. పేరులో జనరల్ ఏమిటని ఆశ్చర్యపోకండి, ఆమెను అలాగే పిలుస్తారు. ఇద్దరు నర్సమ్మలు ఒకే మైకు ముందుంటే విడదీయడానికి ఏదో ఒకటి ఉండాలిగా.

సతీశ్ 2023 మార్చి 19న పోయాడు. పత్రికలన్నీ మిల్లెట్ మనిషి అని రాశాయి. నిజమే. నేనైతే ఆయన్ను ఇంకో రకంగా గుర్తుపెట్టుకుంటాను. టీవీ మనిషిగా మొదలై, కెమెరా వెనక తన స్థానాన్ని ఇంకొకరికి ఇచ్చి పక్కకు జరిగిన మనిషిగా. ఆ పని చేసిన నిర్మాతలు చాలా తక్కువ. నిర్మాతలే కాదు, మైకు వదిలే వక్తలూ తక్కువే. నాకు ఇచ్చిన సమయమూ దగ్గరపడుతోంది.

మా ఊరి ముచ్చటతో ముగిస్తాను. 1955 డిసెంబర్ 10న నెహ్రూ ఇక్కడ శంకుస్థాపన చేశాడు. ఆ గుర్తుగా నిలబెట్టిన పైలాన్ పేరు మీదే మా పైలాన్ కాలనీ. 1967 ఆగస్టులో ఇందిరాగాంధీ కాలువలకు నీళ్ళు వదిలింది. ఈ రెండు రోజులకూ బొమ్మలున్నాయి. మధ్యలో పన్నెండేళ్ళు. 124 మీటర్ల ఎత్తు రాతికట్టడం, అందులో ఎక్కువ పని మనుషులు తల మీద మోసి చేసిందే. ఆ మోసినవాళ్ళలో పాలమూరు నుంచి గుంపు మేస్త్రుల వెంట వచ్చిన కూలీలు ఉన్నారు. మా తాత వాళ్ళలో ఒకడు. కట్టెలతో కట్టిన దారుల మీద వరసగా జనం రాళ్ళు మోస్తున్న పాత ఫోటోలు మీరూ చూసే ఉంటారు. గొప్ప ఫోటోలే. నేను చూసినవన్నీ దూరం నుంచి, ఎత్తు నుంచి తీసినవే. నా చిన్నప్పుడు మా నాయన ఒక ఫోటో మీద వేలు పెట్టి, వీడే మీ తాత అని చూపించేవాడు. ఒక్కోసారి ఒక్కో మనిషి మీద పెట్టేవాడు. ఎవరి ముఖమూ కనపడదు కాబట్టి ఎవరైనా అయి ఉండొచ్చు. మా తాత చనిపోయి ముప్పై ఏళ్ళవుతోంది. ఆయన గొంతు మా దగ్గర లేదు.

హిల్ కాలనీలో, పైలాన్ కాలనీలో, హాలియా, పెద్దవూర, దేవరకొండ దిక్కు పల్లెల్లో, ఇటు పాలమూరు జిల్లాలో ఆ పనికి పోయిన అవ్వలు, తాతలు ఇంకా కొద్దిమంది మిగిలి ఉన్నారు. పదేళ్ళ వయసులో తట్ట ఎత్తినవాళ్ళకు కూడా ఇప్పుడు డెబ్బై, ఎనభై ఏళ్ళుంటాయి. మీ ఇంట్లో అలాంటి వాళ్ళుంటే ఈ వారమే ఫోన్ తీసి రికార్డు చేయండి. వాళ్ళు మంచం మీద ఉంటే మీరు పక్కన పీట వేసుకోండి, నేలమీద ఉంటే మీరూ నేలమీద కూర్చోండి. ఫోన్‌ను వాళ్ళ కళ్ళకు సమంగా పట్టుకోండి. రాయి ఎంత బరువుండేది, కూలి ఎంత ఇచ్చారు, ఎవరు పడిపోయారు అని అడగండి. తొందరపెట్టకండి.